ఇంటోళ్ల పోర్ట్రెయిట్లు, పక్కనే ఒక చిన్న ఫిల్మ్: మొదటి నుంచి చివరి దాకా ఎట్ల చెయ్యాలె

మా సోలాపూర్‌లో తూర్పు దిక్కు గల్లీల్లో తిరిగితే ఒక తమాషా కనిపిస్తది. పెళ్లి పత్రికలో వేముల అని ఉన్నోళ్లు గేటు మీద యేముల్ అయితరు, గాజులోళ్లు గాజుల్ అయితరు. తాతముత్తాతలు తెలంగాణ నుంచి మగ్గం పని ఎతుక్కుంట వచ్చిండ్రు, 1870లల్ల ఇక్కడ మొదటి బట్టల మిల్లు పడ్డ సంది ఆ రాకడ ఆగలేదు. స్కూలు మరాఠీ, దేవుడు మార్కండేయుడు, తిట్లు మాత్రం అచ్చం కరీంనగర్ తిట్లు. హైదరాబాద్ పోతే మా మాట విని "మీరు మహారాష్ట్ర వాళ్లా" అంటరు, పుణె పోతే పేరు విని "తెలుగోళ్లా" అంటరు.

దీనికి జవాబు నోటితోని చెప్పరాక కెమెరా పట్టుకున్న. రెండేండ్లల్ల ఇంటోళ్లవి, గల్లీ వాళ్లవి కలిపి 14 పోర్ట్రెయిట్లు, 9 నిమిషాల ఫిల్మ్ ఒకటి అయింది. "ఎట్ల చేసినవ్" అని అడిగినోళ్లకు ముక్కలు ముక్కలుగ చెప్పి చెప్పి అలసిపోయిన, అందుకే మొత్తం ఒక్కచోట రాస్తున్న. మీది సిరిసిల్ల కావచ్చు, సూరత్ కావచ్చు, డల్లాస్ కావచ్చు, మీ ఇంటి సంగతి వేరే ఉంటది గని పని మాత్రం ఇదే. నేను నమ్మేది ఒక్కటే, దాని చుట్టే ఇదంతా తిరుగుతది: ఫోటోలో మనిషి చూపించాలనుకున్న మొహం పడతది, ఫిల్మ్‌లో ఆ మొహం పెట్టుకునుడు, తీసేసుడు పడతది, అందుకే రెండూ ఒకే కూర్చునుడులో, ఒకే కుర్చీలో తియ్యాలె.

1. ముందు ప్రశ్నను చిన్నగ చేసుకోండి

"నేను ఐడెంటిటీ మీద ప్రాజెక్ట్ చేస్తున్న" అని మొదలుపెడితే ఆర్నెల్లకు కూడా ఒక్క ఫోటో తియ్యరు, నాది అదే కథ. అంత పెద్ద మాట కెమెరా ముందు కూర్చోదు. కూర్చునేది మా అత్త, ఆమె చేతిలో బీడీల చాట. కాబట్టి మీ ఇంట్లో రెండు తీర్లుగ నడిచే విషయం ఒక్కటి ఎతకండి: ఇంట్ల ఒక పేరు బయట ఒక పేరు, కొంగు ఎవరి ముందు నెత్తి మీదికి పోతది ఎవరి ముందు పోదు, అంకెలు ఏ భాషలో లెక్క పెడతరు. దాన్ని ఒక్క లైన్‌లో కాగితం మీద రాసి కెమెరా బ్యాగులో పడేయండి. నాది ఇది: "మా వాళ్లు ఎవరు చూస్తుంటే ఏ పేరుతోని కూర్చుంటరు?"

2. ట్రంకు పెట్టె దించండి

ఈ మెట్టు మీద తొందర పడకండి, నన్నడిగితే సగం ప్రాజెక్ట్ ఇక్కడనే ఉంది. అటక మీద పాత ఫోటోలు ఉంటయి కదా, అన్నీ నేల మీద పరిచి మొహాలు చూసుడు ఆపి మిగతాది చూడండి. చేతిలో ఏం పట్టుకున్నరు, ఎనక పర్దా మీద ఏం బొమ్మ ఉంది, ఎవరు కూర్చున్నరు ఎవరు నిలబడ్డరు, చేతి గడియారం కనిపించేటట్టు చెయ్యి ఎట్ల పెట్టిండ్రు. మా తాత ఫోటోలో జేబుకు పెన్ను ఉంది, ఆయనకు సంతకం తప్ప రాయరాదు, ఆ పెన్ను స్టూడియో ఆయనదట.

ఇది మా ఊరి మోసమేం కాదు, లోకమంతా ఇట్లనే నడిచింది. ఆఫ్రికాలో మాలి దేశం రాజధాని బమాకోలో సేదూ కీతా అనే ఆయన 1948లో స్టూడియో తెరిచిండు, వచ్చినోళ్లకు గడియారాలు, పెన్నులు, రేడియో, స్కూటర్ కూడా ఫోటో కోసం ఇచ్చేటోడు, ఖర్చు కలిసిరావాలని చాలావరకు మనిషికి ఒక్కటే షాట్ తీసేటోడు. ఆయన మొదటి పర్దా ఏందో తెలుసా, తన మంచం మీది దుప్పటి! రెండు మూడేండ్లకోసారి పర్దా మార్చిండు, తర్వాతి కాలంలో ఏ ఫోటో ఎప్పుడు తీసిందో ఎనకాల ఉన్న బట్టను చూసే చెప్పగలిగిండు. అది చదివిన రోజు నేను మా సాంచల (పవర్‌లూమ్ మగ్గాల) షెడ్డులోకి పోయి నిలబడ్డ, ఎందుకంటే జీఐ గుర్తింపు (ఇది ఈ ఊరి సరుకే అని ఇచ్చే గుర్తింపు) ఉన్న సోలాపూర్ చద్దర్లు మా చుట్టూ కుప్పలు పడి ఉన్నయి, నేనేమో ఆన్‌లైన్‌లో బూడిద రంగు పర్దా 1,800 పెట్టి ఆర్డర్ చేసి కూర్చున్న. అది వాపస్ పంపిన. ఆ తర్వాత ఎవరి పోర్ట్రెయిట్ అయినా ఎనకాల వాళ్లింట్ల నేసిన చద్దరే.

మీరు కూడా పర్దా కొనకండి. మీ ఇంట్ల ఏముందో అదే కట్టండి, చీర, బొంత, గొంగడి, సున్నం గోడ, ఏదైనా. ఒక్క జాగ్రత్త, డిజైన్ మరీ సన్న చారలైతే వీడియోలో అలలు అలలుగ కదిలినట్టు కనిపిస్తది, ముందే ఒక నిమిషం తీసి పెద్ద స్క్రీన్ మీద చూసుకోండి.

3. మనుషులు, ఒప్పుకోలు

మొదట్లో ఒక తప్పు చేసిన. మా చిన్నమ్మ ఫోటో చాలా మంచిగ వచ్చిందని ఆమెనడగకుండ ఆన్‌లైన్‌లో పెట్టిన, పొద్దుగూకే సరికి చుట్టాల గ్రూపులన్నీ తిరిగి ఆమె ఫోన్‌కే వచ్చింది, కింద ఎవరో పాత చీర మీద జోకేసిండ్రు. ఆమె నన్నేం అనలేదు, రెండు నెలలు మాట్లాడలేదు అంతే. అప్పటి సంది నాకొక పద్ధతి ఉంది: కెమెరా ఆన్ చేసి, వాళ్ల భాషలోనే, ఈ ఫోటో ఎక్కడెక్కడ కనిపిస్తదో చెప్పి, "సరేనా" అని అడిగి, వాళ్లు సరే అన్నది రికార్డు చేస్త. ఆన్‌లైన్, గోడ మీద ప్రింట్, బయటి ఊరి ఎగ్జిబిషన్, ఈ మూడు వేరే వేరేగ అడగాలె. ఒకటికి ఒప్పుకొని ఇంకోటి వద్దనే హక్కు వాళ్లకుంది, తీసినంక మనసు మార్చుకునే హక్కు కూడా.

ఆడవాళ్ల సంగతి ఇంకోటి. మా ఇంటి పెద్ద ఆడవాళ్లు నా ముందు కూర్చుంటే కొంగు సర్దుకునుడుతోనే సరిపోయింది, అదే మా చెల్లె కెమెరా పట్టుకొని నన్ను బయటికి పంపితే మొహమే వేరే. కొత్త ఉపాయమేం కాదిది, రాజా దీన్‌దయాళ్ అనే ఫోటోగ్రాఫర్ 1892లోనే హైదరాబాద్‌లో ఆడవాళ్ల కోసం జనానా స్టూడియో పెట్టి దాన్ని ఒక ఇంగ్లీషామెకు అప్పజెప్పిండు. కాబట్టి ప్రతి ఫోటో మీరే తియ్యాలని పట్టు పట్టకండి. నా 14లో 4 చెల్లె తీసినవి, పేరు కూడా ఆమెదే వేసిన.

4. గది, వెలుతురు

లైట్లు కొనాల్సిన పని లేదు, కిటికీ ఉంటే చాలు. ఎండ నేరుగ పడని కిటికీ అయితే మంచిది, ఉత్తరం దిక్కుదైతే రోజంతా ఒకే తీరు వెలుతురు ఉంటది. ఎండ పడుతుంటే తెల్ల ధోతి ఒకటి కిటికీకి కట్టండి, అంతే, మీకు సాఫ్ట్‌బాక్స్ (స్టూడియోల్లో వెలుతురును మెత్తగ చేసే లైటు డబ్బా) వచ్చినట్టే.

కుర్చీ కిటికీకి మూడు అడుగుల దూరంలో, మనిషి ఒక చెంప కిటికీ దిక్కు ఉండేటట్టు వేయండి. రెండో చెంప మరీ చీకటైతే ఆ పక్కకు తెల్ల థర్మాకోల్ షీటు నిలబెట్టండి. దాని ఉల్టా పని కూడా ఉంది, ఇది ఎవరూ చెప్పరు: తెల్ల సున్నం గదుల్లో వెలుతురు అన్ని గోడల మీద పడి వాపస్ వచ్చి మొహం చపాతీ లెక్క సాపుగ కనిపిస్తది, అప్పుడు రెండో పక్కకు నల్ల గొంగడి వేలాడదీయండి, ఆ పక్క నీడ పడి చెంప ఎముక లేస్తది, ముడతలు కనిపిస్తయి. ముడతలు కావాలా వద్దా అంటే నాకైతే కావాలె, మా నాయినమ్మకు వద్దు, ఆ గొడవ ఎట్ల తేలిందో తర్వాత చెప్త.

ట్యూబ్‌లైట్, బల్బు అన్నీ బంద్ చెయ్యండి. కిటికీ వెలుతురు నీలం వైపు ఉంటది, పసుపు బల్బు దాంతో కలిస్తే ఒకే మొహంలో రెండు రంగులొస్తయి, ఎడిటింగ్‌లో ఎంత ఏడ్చినా పోవు.

ఇంకొకటి, కుర్చీ నాలుగు కాళ్ల దగ్గర, ట్రైపాడ్ మూడు కాళ్ల దగ్గర నేల మీద టేపు ముక్కలు అతికించండి. అందరినీ అదే జాగాలో అదే దూరంలో తీస్తే పక్కపక్కన పెట్టినప్పుడు తేడా మనుషులది కనిపిస్తది, లేకపోతే కెమెరాది కనిపిస్తది.

5. సెట్టింగులు

నాది సెకండ్‌హ్యాండ్ క్రాప్ సెన్సార్ (జర చిన్న సెన్సార్ ఉన్న) కెమెరా బాడీ, 50 ఎంఎం ఎఫ్ 1.8 లెన్స్. ఆరు అడుగుల దూరంలో కెమెరాను నిలువుగ పెడితే నెత్తి నుంచి నడుము దాకా వస్తది. లెన్స్ రంధ్రం ఎఫ్ 4 (ఈ అంకె చిన్నదైతే రంధ్రం పెద్దది, ఫోకస్ లోతు తక్కువ), షట్టర్ 1/125 సెకను, ఐఎస్ఓ (సెన్సార్ వెలుతురుకు ఎంత స్పందిస్తదో) 400 నుంచి 800 మధ్య, ఫోకస్ మనకు దగ్గరున్న కంటి మీద. 1.8 దగ్గర తీస్తే ఒక కన్ను స్పష్టంగ ఇంకో కన్ను మసకగ వస్తది, ఎనక చద్దర్ నేత కూడా మాయమైతది, ఆ నేత కోసమే కదా దాన్ని కట్టింది.

ఫోన్ అయితే దగ్గరికి పోకండి, ముక్కు పెద్దగ చెవులు చిన్నగ అయితయి. ఎనక్కి జరిగి 2ఎక్స్‌లో తీయండి. పోర్ట్రెయిట్ మోడ్ బంద్, అది ఎంట్రుకలు కత్తిరిస్తది, ఇల్లును తుడిచేస్తది. వేలుతో మొహం మీద గట్టిగ నొక్కి పట్టి ఫోకస్, ఎక్స్‌పోజర్ లాక్ చేసుకోండి.

ఇక బ్యూటీ మోడ్. ఇది సెట్టింగ్ ముచ్చట కాదు, ప్రాజెక్ట్ ముచ్చట. చాలా ఫోన్లు అడగకుండనే మొహాన్ని నున్నగ చేసి ఒక షేడ్ తెల్లగ చేస్తయి. పాత స్టూడియోల్లో నెగెటివ్ మీద పెన్సిల్‌తోని రీటచ్ చేసి "జర తెల్లగ" చేసి ఇచ్చేటోళ్లు, ఇప్పుడు ఆ పని ఫోన్ చేస్తుంది, అంతే తేడా. దాన్ని సున్నాకు దించండి. వెలుతురు కొలిచే కెమెరా మీటర్ గురించి కూడా తెల్వాలె: అది చూసిన ప్రతిదాన్నీ మధ్యస్థ బూడిద రంగుకు గుంజాలని చూస్తది. నల్లటి మనిషిని తెల్ల గోడ ముందు కూర్చోబెడితే గోడను చూసి భయపడి మొత్తం చీకటి చేస్తది, అప్పుడు ఎక్స్‌పోజర్ 0.7 స్టాప్ దాకా పెంచండి. అదే మనిషిని ముదురు చద్దర్ ముందు కూర్చోబెడితే అది అనవసరంగ వెలుతురు పెంచి మా బాపును తెల్లటి మనిషిని చేస్తది, అప్పుడు 0.7 దించండి. నేను ఒక్కటే పద్ధతి పెట్టుకున్న, స్క్రీన్ మీద మొహం పక్కన మనిషి అసలు చెయ్యి పెట్టించి చూస్త, రెండూ ఒకే రంగుంటే షాట్ ఓకే.

వీడియోకు సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50. మన దేశం కరెంటు 50 హెర్ట్జ్, ఫోన్ మామూలుగ 30 ఫ్రేములతో తీస్తది, ఎక్కడన్నా ట్యూబ్‌లైట్ ఫ్రేములోకి వస్తే టపటప కొట్టుకుంటది, 25తో ఆ బాధ పోతది. అమెరికాలో ఉన్నోళ్లకు అక్కడ 60 హెర్ట్జ్ కాబట్టి 30 ఫ్రేములు, 1/60. వైట్ బ్యాలెన్స్ (తెలుపును తెలుపుగ చూపించే రంగు సెట్టింగ్) ఆటోలో ఉంచకండి, 5500 కెల్విన్ దగ్గర లాక్ చెయ్యండి, లేకపోతే మబ్బు పోయి ఎండ వచ్చినప్పుడల్లా మొహం రంగు మారుతది.

6. కూర్చునుడు: అసలు పని

నేను రెండు కెమెరాలు పెడత. ఫోటో కెమెరా ట్రైపాడ్ మీద, దాని పక్కనే అదే ఎత్తులో ఫోన్ వీడియోలో. ఒక్కటే ఉంటే కూడా నడుస్తది, వీడియో ఆపకుండ మధ్యలో ఫ్రేము తీసుకోవచ్చు, క్వాలిటీ కొద్దిగ తగ్గుతది.

వరుస ఇట్ల. మనిషి గదిలోకి రాకముందే ఫోన్ రికార్డింగ్ ఆన్ చెయ్యండి, రికార్డింగ్ నడుస్తుందని వాళ్లకు ముందే చెప్పి ఉండాలె, దొంగతనం వద్దు. వాళ్లు వచ్చి కుర్చీలో సర్దుకుంటరు. మీరు కెమెరా ముట్టకండి. ఏదో ఒక పని చేస్తున్నట్టు లెన్స్ తుడుస్తుండండి, ఒక రెండు నిమిషాలు. తర్వాత "తీస్తున్న" అని చెప్పి ఐదారు ఫోటోలు, అంతకంటే వద్దు. ఆ తర్వాత "అయిపోయింది" అని చెప్పి మూడు నిమిషాలు ఏం చెయ్యకండి. ఫోన్ నడుస్తనే ఉంటది.

మా నాయినమ్మతో జరిగింది చెప్త. వచ్చింది, కూర్చుంది, కొంగు కొసతోని మొహం తుడుచుకుంది, కళ్లద్దాలు తీసి ఒడిలో దాచింది, కొంగు నెత్తి మీదికి గుంజింది, ఇంట్ల ఎన్నడూ గుంజదు, అది పక్కింటి మరాఠీ ముసలమ్మల దగ్గర నేర్చింది. రెండు చేతులు మోకాళ్ల మీద పెట్టి, ఊపిరి బిగబట్టి, కళ్లు పెద్దగ చేసి చూసింది. ఫోటో తీసిన. అచ్చం ఆధార్ కార్డు. "అయింది నాయినమ్మా" అన్న. "అయిందారా?" అని ఊపిరి వదిలింది, భుజాలు రెండు అంగుళాలు కిందికి దిగినయి, కొంగు తనంతల తానే జారింది, కుడి చెయ్యి బొటనవేలు చూపుడువేలు మీద మెల్లగ తిరుగుడు మొదలైంది. చేతిలో ఏం లేదు. యాభై ఏండ్లు బీడీలు చుట్టిన చెయ్యి, ఆకు లేకున్నా చుడుతుంది. అట్లనే కిటికీలో నుంచి బయట ఎవరినో చూసి మరాఠీలో కేకేసింది, మళ్లీ నా దిక్కు తిరిగి "ఏందిర కొడుకా ఇంకా చూస్తున్నవ్" అంది తెలుగులో. మొత్తం 11 సెకన్లు. నా ఫిల్మ్ మొదలయ్యేది దాంతోనే.

ఈ పని మా ఇంట్ల పుట్టలేదు. న్యూయార్క్‌లో యాండీ వార్హోల్ అనే చిత్రకారుడు 1964 నుంచి 1966 దాకా తన స్టూడియోకు వచ్చినోళ్లను చాలా మందిని కుర్చీలో కూర్చోబెట్టి, కదలకుండ ఉండమని చెప్పి 16 ఎంఎం కెమెరా ఆన్ చేసి వదిలేసేటోడు. రీలు 100 అడుగులు, అంటే 4,000 ఫ్రేములు, సెకనుకు 24 ఫ్రేముల స్పీడులో తీస్తే 2 నిమిషాల 47 సెకన్లు. తెర మీద వేసేటప్పుడు 16 స్పీడుతో వేస్తే 4 నిమిషాల పైన పడతది, కంటి రెప్ప పడుడు కూడా పెద్ద సంఘటన లెక్క కనిపిస్తది. మొదటి అర నిమిషం ఎవరైనా మొహం పట్టుకొని ఉంటరు, ఆ తర్వాత పట్టు జారుతది. మీరూ చేసి చూడండి: 50 ఫ్రేములు, 1/100 షట్టర్‌తోని తీసి ఎడిటింగ్‌లో మూడింట రెండు వంతుల స్పీడుకు దించండి. సగానికి దించితే మరీ సినిమా హీరో ఎంట్రీ లెక్క ఉంటది, నవ్వొస్తది.

7. ప్రశ్నలు, సౌండ్

మాట్లాడించాలనుకుంటే "మీరు తెలుగువాళ్లుగా ఎట్ల ఫీలయితరు" లాంటివి అడగకండి, టీవీలో విన్న జవాబే వాపస్ వస్తది. చేతితోని చేసే పని అడగండి. మా అత్తను "కట్ట ఎట్ల లెక్క పెడతవ్" అని అడిగిన. ఒకటి నుంచి 25 దాకా తెలుగులో లెక్కబెట్టి కట్ట కట్టింది, పైసల లెక్కకు వచ్చేసరికి మరాఠీలోకి దూకింది, దూకినట్టు ఆమెకే తెల్వదు. కోపంలో ఏ భాష, దేవునితో ఏ భాష, కలలో ఏ భాష, ఇట్లాంటివి. అడిగినంక నోరు మూసుకోండి. వాళ్లు ఆగితే మీరు నింపకండి, ఆగిన తర్వాత వచ్చేదే బాగుంటది.

సౌండ్‌లో నేను బాగా దెబ్బ తిన్న. సాంచల షెడ్డులో కాకను గంటసేపు మాట్లాడించిన, కాలర్ మైకు కూడా పెట్టిన, ఇంటికొచ్చి వింటే టకటక టకటక తప్ప ఒక్క మాట లేదు. మళ్లీ మాట్లాడమంటే "చెప్పింది చెప్పిన, ఇంకేముంది" అన్నడు. అందుకని సాంచలు నడిచేటప్పుడు బొమ్మ ఒక్కటే తీయండి, పనిలో ఉన్న మొహం, నాడె, పడుగు, చేతులు. మాట ఇంట్ల తీసుకోండి, ఫ్యాన్ బంద్ చేసి. చీర కట్టుకున్నోళ్లకు మైకు కొంగు మీద పెడితే రాసుకొని గరగర అంటది, కొంగు లేని పక్క జాకెట్టు అంచుకు టేపుతోని అతికించమని చెల్లెకు చెప్పండి. సౌండ్ లెవెల్ గట్టిగ మాట్లాడినప్పుడు మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆగాలె. లేచే ముందు ఎవరూ మాట్లాడకుండ ఆ గది చప్పుడు ఒక నిమిషం తీసుకోండి, కటింగ్ దగ్గర అతుకులు కప్పడానికి అదే దిక్కు.

8. మీరూ కూర్చోండి

అందరినీ కూర్చోబెట్టి మీరు తప్పించుకుంటే ఎట్ల. సామ్యూల్ ఫోసో అనే ఆయన 1975లో, 13 ఏండ్లప్పుడే మధ్య ఆఫ్రికాలోని బాంగీ ఊర్లో స్టూడియో పెట్టుకున్నడు. పగలంతా కస్టమర్ల ఫోటోలు, రాత్రి రీల్లో మిగిలిన నాలుగు ఫ్రేములు దండగ కావద్దని రకరకాల బట్టలేసుకొని తనను తానే తీసుకునేటోడు, నైజీరియాలో ఉన్న నాయినమ్మకు పంపేటందుకు. ఆ మిగిలిన ఫ్రేములే ఆయన్ను లోకానికి చూపించినయి.

నేనేం చేసిన అంటే, మా తాత ఫోటో పోజే పెట్టిన, జేబుకు పెన్ను, గడియారం చెయ్యి ముందుకు. రిమోట్ లేకుంటే 10 సెకన్ల టైమర్ పెట్టండి, ఫోకస్ కోసం కుర్చీ మీద కర్ర నిలబెట్టి దాని మీద లాక్ చేసుకోండి. నాకు 31 షాట్లు పట్టింది. ఇన్నొద్దుల సంది అవతలోళ్లకు "మామూలుగ ఉండండి" అని ఎంత తేలికగ చెప్పిన్నో అప్పుడు తెలిసింది, ఆ మాట చెప్పుడు అప్పుడే బంద్ చేసిన.

9. ఏరుడు, ఎడిటింగ్

ముడతల గొడవ అన్న కదా. ఏరేటప్పుడు ప్రతి మనిషికి రెండు ఫోటోలు పక్కన పెట్టిన, ఒకటి వాళ్లు ఏరింది, ఒకటి నేను ఏరింది. నాయినమ్మ ఆధార్ కార్డు మొహాన్నే ఏరింది, నేను కొంగు జారినంక వీడియోలో పడ్డ ఫ్రేమును ఏరిన. చివరికి రెండూ పక్కపక్కన పెట్టిన. అట్ల పెట్టినంకనే నా ప్రశ్నకు ఏదో దారి దొరికినట్టు అనిపించింది, వాళ్లు ఏరిన మొహం అబద్ధం అనుకున్న ఇన్నాళ్లు, అది కూడా కష్టపడి సంపాదించుకున్న మొహమే. రెండో ఫోటో వద్దంటే మాత్రం పెట్టకండి, ముగ్గురు వద్దన్నరు, వాళ్లది ఒక్కటే ఉంది.

ఎడిటింగ్‌కు దావిన్చీ రిజాల్వ్ అనే సాఫ్ట్‌వేర్ ఫ్రీ వెర్షన్ చాలు. ముందు ఫైళ్లు మూడు కాపీలు చేసుకోండి, రెండు వేరే డిస్కుల్లో, ఒకటి వేరే ఇంట్ల. ఫిల్మ్‌ను కథ లెక్క కట్టకండి, మనిషి తర్వాత మనిషి, ఒక్కొక్కరికి 30, 40 సెకన్లు, మధ్యలో సాంచల చప్పుడు. రంగులు సరిచేసేటప్పుడు ఒకరి ఒంటి రంగు ఇంకొకరికి మ్యాచ్ చెయ్యకండి, ఎనకాల తెల్లటి వస్తువు ఏదన్నా ఉంటే దాన్ని మ్యాచ్ చెయ్యండి.

సబ్‌టైటిల్స్‌లో నేను తెలుగు మాటకు తెలుపు, మరాఠీ మాటకు పసుపు వాడిన, ఒకే వాక్యంలో రంగు మారుతుంటే భాష దూకుడు కంటికి కనిపిస్తది. వాళ్లు అన్నదాన్ని అన్నట్టే రాయండి, పుస్తకం భాషలోకి దిద్దకండి. కొన్ని సాఫ్ట్‌వేర్లలో తెలుగు వత్తులు విడిపోతయి, స్త్రీ అని రాస్తే మూడు ముక్కలైతది, ఫాంట్ మార్చి చూడండి, నోటో సాన్స్ తెలుగు నాకు పనిచేసింది.

10. పేరు రాసుడు, చూపించుడు

1868 నుంచి 1875 దాకా బ్రిటిష్ సర్కారు మన దేశం మనుషుల ఫోటోలు 8 సంపుటాలుగ అచ్చేసింది. చాలావాటి కింద మనిషి పేరుండదు, కులమో తెగో ఉంటది, ఆ పక్కన వాళ్ల బుద్ధులెట్లాంటివో దొరగారి తీర్పు ఉంటది. మనం అదే పని చేస్తే ఇంత కష్టం ఎందుకు. "చేనేత మహిళ", "బీడీ కార్మికురాలు" అని రాయకండి. మీ పేరు ఎట్ల రాయాలె అని అడిగి, వాళ్ల చేతితోనే రాయించుకొని, ఆ రాతను స్కాన్ చేసి కింద పెట్టండి. మా వాళ్లల్ల ఆరుగురు మరాఠీలో, ఐదుగురు తెలుగులో రాసిండ్రు, అత్త రెండిట్ల రాసింది, నాయినమ్మ వేలిముద్ర వేసింది. ఇంకొకాయన మాత్రం పేరే వద్దన్నడు, వదిలేసిన.

ప్రింట్ 8 ఇంటూ 12 అంగుళాల సైజు, 300 డీపీఐకి (అంగుళానికి 300 చుక్కలు) 2400 ఇంటూ 3600 పిక్సెల్స్ ఉంటే సరిపోతది. మ్యాట్ కాగితం తీసుకోండి, గ్లాసీ మీద కిటికీ మెరుస్తది. మొదటి సెట్ కూర్చున్నోళ్లకే ఇవ్వాలె, గోడ మీద ఎక్కే ముందే. మేము గల్లీలోనే చూపించినం, నారళీ పౌర్ణమికి మార్కండేయుని రథం తిరిగే రోజుల్లో, తాడు కట్టి చద్దర్లు వేలాడదీసి వాటి మీద పిన్నులతోని ఫోటోలు, రాత్రి ధోతి మీద ప్రొజెక్టర్. వాన వస్తదని పైన ప్లాస్టిక్ కవర్ కట్టుకోండి, శ్రావణం కదా, మాకు వచ్చింది.

చివరగ, నేల మీది టేపు ముక్కలు పీకకండి, వచ్చే ఏడు మళ్లీ అదే జాగాలో కుర్చీ వేయాలె. మా ఇంట్ల నాయినమ్మ ఊడ్చినప్పుడల్లా అవి ఊడిపోతుంటే గచ్చు మీద పెయింట్‌తో చిన్న ప్లస్ గుర్తులు గీసిన. దానికి నాకు పడ్డ తిట్లు కూడా ఫిల్మ్‌లో ఉన్నయి, అన్నీ తెల్ల సబ్‌టైటిల్సే.